విజ్ఞాన సర్వస్వములో ఆఁడువారి యాట

2001వ సంవత్సరమున అమెరికాలో రెండు సంస్థలు పుట్టినవి. జనవరి 15వ తేదీన వికీపీడియా యను అంతర్జాల విజ్ఞాన సర్వస్వము వెలువడినది. ఆ యేడే ఏప్రిలు 14వ తేదీన వాషింగ్టను నగరమందలి క్రీడారంగమున 34,000 పైచిలుకు జనము చూచుచుండఁగా ‘విమెన్స్ యునైటెడ్ సాకర్ అసోసియేషన్’ అను ఫుట్‌బాలు లీగుయొక్క తొలియాట జరిగినది. ఆడు స్త్రీలందఱికిని జీతములిచ్చి నడపిన లీగులలో నిదియే మొదటిది. ఈ తోడఁబుట్టువులలో పెద్దది నేఁడు 300 భాషలకు మించి వ్యాపించినది. చిన్నది మూఁడేండ్లు ఆటలు నడపి, 2003 సెప్టెంబరు 15వ తేదీన, స్త్రీల ప్రపంచకప్పు పోటీలు అయిదు దినములలో ప్రారంభము కానుండఁగా, మూఁతపడినది. బ్రతికినది చచ్చినదానిని గూర్చియు, దాని తరువాతఁ బుట్టిన చెల్లెండ్రను గూర్చియు ఎట్లు వ్రాయుచున్నదో, ఆ వ్రాఁతవలన ఎవరికి నష్టము కలుగుచున్నదో చెప్పుట మా యుద్దేశము.

ఎక్కడనో అమెరికాలోను ఇంగ్లండులోను ఆఁడువారు బంతి తన్నుకొన్న సంగతి మన యిండ్లలో చర్చింపవలసినంతటిదా యని కొందఱు చదువరు లడుగవచ్చును. చర్చింపవలసినదే. పూర్వము మన పిల్లలకు పెద్దబాలశిక్ష లోకజ్ఞానము నిచ్చెడిది. నేఁడు పిల్లవాఁడు గాని పిల్ల గాని యేదైన నొక సంగతి తెలిసికొనఁ గోరినచో చేతిలోని ఫోను నడుగును. ఆ ఫోను చెప్పు సమాధానములలో పెక్కింటికి మూలము వికీపీడియాయే. ఏది సామాన్యము, ఏది విశేషము, ఎవరి పేరు చెప్పకున్నను తెలియును, ఎవరి పేరునకు వివరణము కావలెను అను భేదమును ఆ పుటలు పసిమనస్సులకు నేర్పుచున్నవి. నేర్పుచున్నట్లు కనఁబడక నేర్పుచున్నవి గనుకనే వానిని మఱింత జాగ్రత్తగా చదువవలసి యున్నది.

ఆ గ్రంథముపై మాకు ద్వేషము లేదు. రుసుము లేక, ప్రకటనలు లేక, జీతము గోరని వేలకొలఁది వ్రాఁతగాండ్ర శ్రమచేత నడచుచున్న యింతటి విద్యాదానము లోకమున మఱొకటి లేదు. అందుచేతనే దానియందలి తప్పును ఊరక పోనిచ్చుట తగదు.

పేరుతో మొదలుపెట్టుదము. ఆ విజ్ఞాన సర్వస్వమున ‘ఇంగ్లండు జాతీయ ఫుట్‌బాలు జట్టు’ అను శీర్షిక క్రింద సంవత్సరముల తరబడి నున్నది పురుషుల జట్టును గూర్చిన వ్యాసము. స్త్రీల జట్టును గూర్చి తెలియఁ గోరినచో ‘స్త్రీల’ యను మాట చేర్చి వెదకవలెను. భారతదేశపు జట్టుల గతియు నిదియే. మగవారి జట్టు దేశముయొక్క జట్టు. ఆఁడువారి జట్టు దేశముయొక్క ఆఁడువారి జట్టు. మన శుభలేఖలలో ‘సకుటుంబముగా విచ్చేయవలెను’ అన్నప్పుడు ఇల్లాలు కుటుంబములో నిమిడిపోవును గదా. ఇచ్చట దేశమంతయు మగవారిలో నిమిడిపోయినది. ఇంగ్లండు స్త్రీలు 2022లోను, మరల 2025లోను ఐరోపా విజేతలైరి. పురుషుల జట్టు 1966 ప్రపంచకప్పు తరువాత అంతటి బిరుదును మఱొక్కటి సంపాదింపలేదు. అయినను ఇంగ్లండు అను మాటపై హక్కు పురుషులకే చెల్లినది.

పురుషుల యాట ముందు పుట్టినది గావున ముందువచ్చినదానికి విశేషణ మక్కఱలేదని సమాధానము చెప్పువారు గలరు. ఈ సమాధానము నిజమైనచో అన్ని దేశములకును ఒకే రీతిగా వర్తింపవలెను. అమెరికా జట్టులను చూడుఁడు. అదే విజ్ఞాన సర్వస్వమున అమెరికా పురుషుల జట్టు వ్యాసమునకు ‘పురుషుల జాతీయ సాకరు జట్టు’ అనియు, స్త్రీల జట్టు వ్యాసమునకు ‘స్త్రీల జాతీయ సాకరు జట్టు’ అనియు పేర్లున్నవి. అచ్చటను పురుషుల యాటయే ముందు పుట్టినది. అమెరికా పురుషులు 1930లోనే ప్రపంచకప్పు ఆడిరి, స్త్రీల జట్టు 1985 వఱకు ఒక్క యాటయు నాడలేదు. మఱి భేదమెక్కడ? అమెరికా స్త్రీలు 1991, 1999, 2015, 2019 సంవత్సరములలో నాలుగుమార్లు ప్రపంచకప్పు గెలిచిరి. పురుషులు ఒక్కమాఱును గెలువలేదు. స్త్రీల కీర్తి మూయరానంతగా పెరిగిన తావున పురుషులకును విశేషణము తగిలించుట సాధ్యమైనది. కావున ఇది వ్యాకరణము కాదు, కాలక్రమమును కాదు. నాలుగు ప్రపంచకప్పులు గెలిచినఁగాని దొరకని సమానత్వమిది.

మన భాషలో నొక చమత్కార మున్నది. బంతి ‘ఆడువారు’ అన్నను, ‘ఆఁడువారు’ అన్నను చెవికించుమించుగా నొకటే. నడుమ నున్నది అరసున్న మాత్రమే. ఆ యరసున్నయు నేఁటి యచ్చులలో కనఁబడుట లేదు. తెలుఁగున నింత సులభముగా కలిసిపోయిన రెండు మాటలను ఇంగ్లీషు విజ్ఞాన సర్వస్వము కలుపఁజాలకున్నది.

ఒక్క విశేషణమువలన ఏమి చెడునని తేలికగా ననరాదు. 2021 సెప్టెంబరు 1వ తేదీన పోర్చుగలు దేశపు క్రిస్టియానో రొనాల్డో తన దేశము తరఫున 110వ గోలు వేయఁగా, చరిత్రలో అంతర్జాతీయ ఫుట్‌బాలున అత్యధికముగా గోళ్లు వేసినవాఁ డీతఁడని లోకమంతట పత్రికలు చాటినవి. కెనడా దేశపు క్రిస్టీన్ సింక్లెయిరు అప్పటికే 180కి పైగా వేసి యుండెను. ఆమె 2023లో అంతర్జాతీయ క్రీడనుండి విరమించునప్పటికి 190 గోళ్లు లెక్కకు వచ్చినవి. ఫుట్‌బాలు అనఁగా పురుషుల ఫుట్‌బాలు అని తొలుత పేరులోనే నిశ్చయించి యుంచినందున, అబద్ధమాడుచున్నామని తెలియకయే విలేఖరులు అబద్ధమాడిరి.

ఇది యాటలకే పరిమితమైన జాడ్యమును గాదు. 2013 ఏప్రిలులో అమండా ఫిలిపాచీ యను రచయిత్రి ‘న్యూయార్కు టైమ్సు’ పత్రికలో నొక సంగతి బయటపెట్టినది. వికీపీడియాలో ‘అమెరికా నవలాకారులు’ అను పట్టికనుండి స్త్రీల పేర్లు తీసివేయుచు ‘అమెరికా స్త్రీ నవలాకారులు’ అను వేఱు పట్టికలోనికి చేర్చుచుండిరి. మిగిలిన మొదటి పట్టికకు ‘పురుష నవలాకారులు’ అని పేరు మాత్రము పెట్టలేదు. పెద్ద గగ్గోలు పుట్టిన తరువాతనే సవరణలు జరిగినవి. ఆడవారికి వేఱు పంక్తి వేసి, మగవారి పంక్తికి భోజనశాల యని పేరు పెట్టినట్లున్నది.

పేరు తరువాతిది సొమ్ము. స్త్రీల లీగును వర్ణించుటకు కూర్చున్న వ్రాఁతగాఁడు తొలుత చూచునది జనమెంతమంది వచ్చిరి, ఎంత నష్టము వచ్చినది, ఎన్నఁడు మూఁతపడినది అను లెక్క. ఈ లెక్కలు అబద్ధములు కావు. మొదట చెప్పిన లీగు అయిదేండ్లకు చాలునని తెచ్చుకొన్న 4 కోట్ల డాలర్లను మొదటి యేటనే వ్యయపఱచినది. మూఁడేండ్లలో దాదాపు 10 కోట్ల డాలర్లు పోఁగొట్టుకొన్నది. దాని తరువాత 2009లో ఆరంభమైన ‘విమెన్స్ ప్రొఫెషనల్ సాకర్’ లీగు మూఁడేండ్లు ఆడి 2012లో ఎత్తివేయఁబడినది. మూఁడవ లీగు ‘నేషనల్ విమెన్స్ సాకర్ లీగు’ 2013లో ఎనిమిది జట్లతో మొదలైనది. దాని పూర్వకథ చదివినవారి మనస్సున నాటుకొను భావమొక్కటే: ఆఁడువారి యాటకు గిరాకి లేదు, పెట్టినవారెల్ల చేతులు కాల్చుకొనిరి.

ఇప్పుడు అమెరికా పురుషుల లీగుయొక్క జాతకము చూతము. ‘మేజర్ లీగ్ సాకర్’ 1996లో ఆరంభమైనది. మొదటి అయిదేండ్లలో అది పోఁగొట్టుకొన్నది 25 కోట్ల డాలర్లని యంచనా. 2002 ఆరంభమున ఫ్లోరిడాలోని రెండు జట్లను మూసివేసిరి. లీగే మూఁతపడు స్థితికి వచ్చినది. అప్పుడు కొద్దిమంది ధనవంతులు ఒక్కొక్కరు పెక్కు జట్లను తమ భుజములపై నెత్తుకొని, నష్టమును సహించి, యేండ్లకొలఁది సొమ్ము ధారవోసి దానిని బ్రతికించిరి. స్త్రీల లీగునకు అట్టి యోర్పు చూపినవారు దొరకలేదు. ఇద్దఱును నష్టపోయిరి, ఒకరిని పెట్టుబడిదారులు మోసిరి, ఒకరిని దించివేసిరి. నష్టపు మొత్తము మగవారిదే పెద్దది. రెండు పుటలను ప్రక్కప్రక్కన నుంచి చదువువారు అరుదు గనుక, ఒక పుటలో నష్టము ‘ప్రారంభదశలోని చిక్కు’ వలెను, ఇంకొక పుటలో నష్టము ‘స్వభావసిద్ధమైన రోగము’ వలెను తోఁచుచున్నది. ఒక యింటిలో కొడుకు మూఁడుమార్లు పరీక్ష తప్పినను నాలుగవమాఱు రుసుము కట్టుచు, కూఁతురు ఒక్కమాఱు తప్పఁగనే పెండ్లి సంబంధములు వెదకు తండ్రిని మన చదువరు లెఱుఁగుదురు.

గిరాకి లేదన్న మాట మఱింత అన్యాయమైనది. ఇచ్చట మేము అమెరికాను విడిచి, ఈ యాట పుట్టినిల్లగు ఇంగ్లండునకుఁ బోవలసి యున్నది. మొదటి ప్రపంచయుద్ధకాలమున మగవారు యుద్ధమునకుఁ బోఁగా స్త్రీలు ఫిరంగిగుండ్ల కర్మాగారములలో పనికి చేరిరి. ప్రెస్టను పట్టణమున డిక్, కెర్ కంపెనీ కర్మాగారములో పనిచేయు స్త్రీలు 1917లో ఫుట్‌బాలు జట్టుగా నేర్పడి, గాయపడిన సైనికుల యాసుపత్రి కొఱకు ఆ యేటి క్రిస్టమసునాఁడు ఆడిరి. మూఁడేండ్లలో వారి పేరు దేశమంతట మ్రోగినది. 1920 డిసెంబరు 26వ తేదీన లివర్‌పూలు నగరమున గుడిసన్ పార్కు మైదానములో సెయింట్ హెలెన్సు స్త్రీల జట్టుతో వారాడిన యాటకు 53,000 మంది టిక్కెట్లు కొని వచ్చిరి. ఇంటింట రేడియో లేని దినములలో, టెలివిజను ప్రసారములు లేని దినములలో, పనివారి స్త్రీల యాట చూచుటకు 53,000 మంది! గిరాకి లేదనువారు ఈ యంకెను ఏమి చేయుదురు?

ఇంగ్లండు ఫుట్‌బాలు సంఘము దీనికిఁ జేసిన సత్కార మిది. ఏడాది తిరుగక ముందే, 1921 డిసెంబరు 5వ తేదీన, ఈ యాట స్త్రీలకుఁ దగనిదనియు, దీనిని ప్రోత్సహింపరాదనియు తీర్మానించి, తమకు చేరిన క్లబ్బుల మైదానములలో స్త్రీల నాడనీయరాదని ఆజ్ఞాపించినది. అదే తీర్మానమున నింకొక యభియోగము గలదు: ధర్మకార్యమున కని వసూలైన సొమ్ములో అధికభాగము ఖర్చుల క్రింద పోవుచున్నదట. చదువరులు దీనిని గమనింపవలెను. ఆటలో సొమ్ము తిరుగుచున్నదని 1921లో స్త్రీలను వెడలఁగొట్టిరి. ఆటలో సొమ్ము లేదని యీ శతాబ్దమున స్త్రీలను చిన్నచూపు చూచుచున్నారు. ఆ నిషేధము సుమారు ఏఁబది యేండ్లు, 1971 వఱకు, సాగినది. పశ్చిమజర్మనీ సంఘము 1955 నుండి 1970 వఱకును, బ్రెజిలు ప్రభుత్వము 1941 నుండి 1979 వఱకును ఇట్టి నిషేధములనే నడపినవి.

ఆ ప్రెస్టను జట్టులో లిల్లీ పార్ అను క్రీడాకారిణి యుండెను. పదునాలుగు పదునైదేండ్ల ప్రాయముననే జట్టులో చేరి, తరువాత మూఁడు దశాబ్దములు ఆడినది. పెద్ద మైదానములు మూసినందున పార్కులలోను, చిన్న బయళ్లలోను ఆడుచు, జీవనమునకై మానసిక వ్యాధిగ్రస్తుల యాసుపత్రిలో పరిచారికగా పనిచేసినది. ఆమె 1978లో మరణించినది. ఇంగ్లండు ఫుట్‌బాలు కీర్తిశాలలో ఆమె పేరు చేర్చుట 2002లో జరిగినది. ఆమెతోఁ గూడ నాడిన తక్కిన స్త్రీలలో ఎందఱి పేర్లు నిలిచినవి?

ఇప్పుడు ఇంగ్లండు స్త్రీల అగ్రశ్రేణి లీగును వర్ణించు పుటను తెఱచినచో ప్రక్కనున్న చిన్న పట్టికలో ‘స్థాపన: 2010’ అని యుండును. పురుషుల లీగు 1888 నాఁటిది. ఒకటి తాత, ఒకటి పసిబిడ్డ యని చదువరి యనుకొనును. ఆ పసిబిడ్డ నిజముగా 53,000 మంది కనుల యెదుట నడచుచుండఁగా కాళ్లు విఱువఁబడిన ముదుసలి యని పట్టికలో వ్రాయుటకు గడి లేదు. నిషేధముల వృత్తాంతము ఆ విజ్ఞాన సర్వస్వములో లేదని మే మనము, ఉన్నది. కాని స్త్రీల ఫుట్‌బాలు చరిత్రమను వేఱు వ్యాసములో నున్నది. నష్టము ఒక గదిలోను, కారణము ఇంకొక గదిలోను ఉంచి, నడుమ తలుపు వేసినచో, రెండు గదులలోను సత్యమే యున్నను ఇంటిలో నున్నది అసత్యమే.

మేము ముఖ్యముగా ఫిర్యాదు చేయఁదలచిన సంగతి యిది కాదు, ఇంకొకటి. వికీపీడియాలో ఎవరిని గూర్చి వ్యాస ముండవచ్చును, ఎవరిని గూర్చి యుండరాదు అను నిర్ణయమునకు కొన్ని నియమములు గలవు. ఫుట్‌బాలు క్రీడాకారుల విషయమున చాలకాలము చెల్లిన నియమము చెప్పినదేమనఁగా: ‘సంపూర్ణ వృత్తి లీగు’లో, అనఁగా ఆటయే జీవనాధారముగా నందఱికిని పూర్తి జీతము లిచ్చు లీగులో, ఒక్క యాట యాడినవాఁడైనను గణనీయుఁడని భావింపవచ్చును. ఇంగ్లండు పురుషుల నాలుగవ శ్రేణి లీగు కూడ సంపూర్ణ వృత్తి లీగే. అందులో ఆట ముగియుటకు అయిదు నిముషములు ముందు మైదానమునకు దిగి, బంతిని ఒకటి రెండుమార్లు తాఁకి వచ్చిన కుఱ్ఱవానికిని ఆ నియమపు నీడ దొరకినది. ఇంగ్లండు స్త్రీల అగ్రశ్రేణి లీగు పూర్తికాల వృత్తి లీగైనది 2018లో. కావున అంతకు పూర్వము ఆ లీగున ఏడెనిమిదేండ్లు ఆడి కప్పులు గెలిచిన స్త్రీకి లీగున ఆడిన కారణముచేత ఆ నీడ దొరకలేదు. దేశము తరఫున ఆడియుండవలెను, లేదా పత్రికలు ఆమెను గూర్చి విశేషముగా వ్రాసియుండవలెను.

స్త్రీలకు జీతము రాకుండఁ జేసినవారెవరు? మైదానములు మూసినవారు. ఆ జీతము లేమినే కొలబద్దగాఁ జేసి స్త్రీల పేర్లను వెలియుంచినవారెవరు? నిష్పక్షపాతులమని నమ్మిన విద్వాంసులు. బడికిఁ బంపక యుంచి, చదువు రాదు గావున ఓటు హక్కు తగదని స్త్రీలతోఁ బలికిన పూర్వపు పెద్దల తర్కమునకును దీనికిని భేదము మాకుఁ గనఁబడదు. అన్యాయము చేసిన చేయి కనఁబడక, అన్యాయపు ఫలము మాత్రము ‘ప్రమాణము’ అను పేరుతో గ్రంథమున కూర్చున్నది.

ఆ నియమమును 2022లో వికీపీడియావారే సుదీర్ఘ చర్చల తరువాత తొలగించిరి. సంతోషమే. కాని దాని స్థానమున నిలిచినది రెండవ కొలబద్ద: స్వతంత్రములు, విశ్వసనీయములునగు పత్రికలు విస్తారముగా వ్రాసియుండవలెను. ఇది పైకి న్యాయముగాఁ గనఁబడును. ఏ పత్రికలు? పురుషుల జట్టులోని కుఱ్ఱవాని మోకాలినొప్పిని మూఁడు కాలముల నిండ వ్రాసి, స్త్రీల లీగు ఫలితమును మూల నొక్క పంక్తిలో నిమిడ్చిన పత్రికలే. వికీపీడియా యొక యద్దము, లోకమెట్లున్నదో అట్లే చూపును, తప్పు లోకముది గాని యద్దముది కాదు అని దాని పక్షమువారు చెప్పుదురు. ఈ వాదములో కొంత సత్యము గలదు. ఆధారము లేని వ్రాఁత పనికిరాదని మేమును ఒప్పుకొందుము. కాని యద్దము తాను చూపినదానిని మరల లోకమునకు ఆధారముగా నమ్మింపదు. ఈ గ్రంథ మట్లు కాదు. విలేఖరి దానిని చూచి వ్రాయును. దానియందలి వ్రాఁతగాఁడు ఆ విలేఖరిని చూచి వ్రాయును. 2018లో డొనా స్ట్రిక్లాండు అను శాస్త్రజ్ఞురాలికి భౌతికశాస్త్రమున నోబెలు బహుమానము వచ్చిననాఁటికి వికీపీడియాలో ఆమెను గూర్చి వ్యాసమే లేదు. కొన్ని నెలలకు ముందు ఒకరు వ్రాసి పంపిన చిత్తుప్రతిని తగిన ఆధారములు లేవని త్రిప్పిపంపి యుండిరి.

పత్రికల మౌనమును తటస్థత యనుకొన్నచో వచ్చు కీడు ఎంతటిదో అమెరికా స్త్రీల లీగే ఋజువు చేసినది. 2015లో ఆ లీగులోని యొక క్రీడాకారిణి తన జట్టు శిక్షకునిపై లైంగిక దుష్ప్రవర్తనమును గూర్చి ఫిర్యాదు చేసినది. క్లబ్బు ఆతని నొప్పందము పొడిగింపలేదు. కాని కారణమును లోకమునకు చెప్పలేదు. ఆతఁడు అదే లీగులో మఱొక జట్టునకు శిక్షకుఁడై కప్పులు గెలిపించుచుండెను. 2021 సెప్టెంబరు చివర నొక పత్రిక ఆ సంగతులను ప్రకటించినఁగాని ఆతని తొలగింపలేదు. అటుపిమ్మట లీగు అధిపురాలు రాజీనామా యిచ్చినది. 2022 అక్టోబరులో వెలువడిన స్వతంత్ర విచారణ నివేదిక, ఇట్టి దౌర్జన్యము ఒకరిద్దఱికి పరిమితము కాక లీగంతట వేళ్లూనియున్నదని తేల్చినది. ఆ యాఱేండ్లు పత్రికలలో నున్నవి ఆ శిక్షకుని విజయములే. అచ్చు కాఁగలిగిన ఆధారములును అవియే. సత్యము ఆ స్త్రీల నోళ్లలో నుండెను, అచ్చులో లేకుండెను. ఆ లీగున 2013లో కనీసవేతనము ఏడాదికి 6,000 డాలర్లు. అంత కొద్ది జీతముపై బ్రతుకు పడుచుపిల్ల శిక్షకునిపై నోరు తెఱచుట ఎంత కష్టమో ఆ యంకెయే చెప్పును. సొమ్ము లెక్కలు వ్రాయవలదని మే మనుట లేదు. వ్రాసినచో ఇట్టి లెక్కలుగా వ్రాయవలెను. క్రీడాకారిణుల సంఘము 2022లో తొలి సమష్టి ఒప్పందము సంపాదించి కనీసవేతనమును 35,000 డాలర్లకుఁ జేర్చినది. 2024 నాఁటి ఒప్పందముతో, కళాశాల విడిచిన పిల్లలను జట్లు తమలోఁ దాము పంచుకొను పద్ధతినే ఎత్తివేయించినది. 2023 నవంబరులో కుదిరిన ప్రసార ఒప్పందము నాలుగేండ్లకు 24 కోట్ల డాలర్లు. కాన్సాస్ సిటీలో 2024 మార్చిలో 11,500 మంది పట్టు క్రీడారంగము స్త్రీల జట్టు కొఱకే కట్టి తెఱచిరి. గిరాకి లేదన్న మాట యిప్పుడెక్కడ దాఁగినది?

ఈ లోపములకు మూల మొక్కటి దాఁపఱికము లేక చెప్పవలెను. వికీపీడియా సంస్థవారే 2011లో జరిపిన గణనములో వ్రాయువారిలో స్త్రీలు నూటికి పదిమందికి లోపుగా నుండిరి. ఇంగ్లీషు వికీపీడియాలోని జీవితచరిత్రములలో స్త్రీలవి 2014 నాఁటికి నూటికి పదునైదు చొప్పున నుండఁగా, 2015లో కొందఱు పూనుకొని వ్రాయనారంభించిన పిమ్మట అయిదవ వంతునకు సమీపించినవి. పది యేండ్ల శ్రమకు ఈ మాత్రమైనను కదలిక వచ్చినదనఁగా, తలుపు తాళము వేసి యుండలేదు; త్రోయువారే తక్కువ.

ఈ సందర్భమున మన తెలుఁగువారి మాట యొకటి చెప్పక తీరదు. ఆంధ్ర విజ్ఞాన సర్వస్వమునకు పూనుకొన్న కొమఱ్ఱాజు వేంకట లక్ష్మణరావుగారిని మన మందఱ మెఱుఁగుదుము. ఆయన యక్కగారు భండారు అచ్చమాంబగారు. తమ్మునిగారి సర్వస్వమునకు పూర్వమే, 1901లో, ఆమె ‘అబలా సచ్చరిత్ర రత్నమాల’ యను పేర స్త్రీల చరిత్రములను ప్రకటించిరి. విఖ్యాతులైన స్త్రీలు లేరనువారికి పేర్లు, వృత్తాంతములు సేకరించి చూపిరి. 1905లో, చిన్న వయస్సుననే, ఆమె గతించిరి. సర్వస్వము వ్రాసిన యింటిలోనే, సర్వస్వములు విడిచిపెట్టుచున్నవారి కొఱకు వేఱొక గ్రంథము వ్రాయవలసి వచ్చినది; అందులకు కలము పట్టినది ఆ యింటి యాఁడపడుచు.

మన దేశమున స్త్రీల ఫుట్‌బాలు లీగు 2017లో మొదలైనది. తొలి కప్పు మణిపురమునకుఁ బోయినది. దాని పేరు ‘ఇండియన్ విమెన్స్ లీగు’. 2014లో పుట్టిన పురుషుల లీగు పేరు ‘ఇండియన్ సూపర్ లీగు’. అందు పురుషశబ్దము లేదు. నిజామాబాదు జిల్లాకుఁ జెందిన గుగులోతు సౌమ్య ఆ స్త్రీల లీగున ఈస్టు బెంగాలు జట్టులో నుండి 2024–25లో కప్పు గెలిచినది. ఆ సంవత్సరపు ఉత్తమ క్రీడాకారిణిగా అఖిల భారత ఫుట్‌బాలు సంఘమువారు ఆమెనే యెన్నుకొనిరి. తెలుఁగు బాలిక దేశమున ప్రథమస్థానమున నిలిచిన యీ సంగతి మన యిండ్లలో ఎందఱికి తెలియును? క్రికెట్టు పురుషుల జట్టులో పండ్రెండవవాఁడెవఁడో చెప్పఁగల కుఱ్ఱవాండ్రు ఆమె పేరు చెప్పఁగలరా?

తెలుఁగు వికీపీడియా 2003 నుండి నడచుచున్నది. ఇంగ్లీషు పుటలో చేరిన వాడుకలను ప్రతిపదము తెలుఁగు చేయుటయే మన పని కానక్కఱలేదు. స్త్రీల పుటనుండి ‘స్త్రీల’ యను మాటను చెఱిపివేయుఁడని మేము కోరుట లేదు. అట్లు చేసినచో వెదకువారికి స్త్రీలు దొరకకయే పోవుదురు. పురుషుల పుటకు ‘పురుషుల’ యను మాట చేర్పుఁడని కోరుచున్నాము. లీగుయొక్క నష్టము వ్రాసిన పుటలోనే నిషేధమును వ్రాయవలెను. స్థాపన సంవత్సరము ప్రక్కన 1921 కూడ నుండవలెను. పత్రికలు ఆధారము కావలెనని నియమమున్నచో, మన జిల్లాలలో బాలికల పోటీలు జరిగినప్పుడు వ్రాయుఁడని పత్రికలవారికి ఉత్తరములు వ్రాయవలెను. వ్రాసిన కొద్దిపాటి వార్తను తేదీతోఁ గూడ కత్తిరించి భద్రపఱుపవలెను. ఆ కాగితపు ముక్కయే రేపు ఒక బాలిక పేరునకు ప్రమాణము. ఇంటిలో ఇంగ్లీషు, తెలుఁగు రెండును చదివిన స్త్రీలు, మధ్యాహ్నపు వేళ గంటసేపు దొరకినచో, ఈ పనికి చాలుదురు. భారతదేశపు జట్టును గూర్చిన తెలుఁగు వ్యాసపు మొదటి వాక్యమునుండి ప్రారంభింపవచ్చును. ఇది పురుషుల జట్టు అని యొక్క మాట చేర్చుటకు ఎవ్వరి యనుమతియు అక్కఱలేదు. ఆ పుటను సవరించు వీలు పురుషులకును స్త్రీలకును సమానముగా తెఱచియే యున్నది.